రాయికొక జాంబీ

బూరుగుపేట పురపాలక సంఘానికి ఉన్న ఆస్తుల్లో అన్నిటికన్నా గట్టివి శంకుస్థాపన రాళ్ళు. రోడ్లు వానకు కరుగుతాయి, పైపులు ఎండకు పగులుతాయి, వీధిలైట్లు పండగ వెళ్ళేసరికి కళ్ళు మూస్తాయి గానీ రాళ్ళు మాత్రం చెక్కు చెదరవు. నల్ల గ్రానైటు పలక, బంగారు రంగు అక్షరాలు, పైన తేదీ, కింద పెద్దల పేర్లు హోదాలతో సహా, వెనక దన్నుగా ఛాతీ ఎత్తు ఇటుక గోడ. గ్రంథాలయానికో రాయి, పార్కుకో రాయి, కల్యాణ మండపానికో రాయి. రాయిని దాటి పైకి లేచిన కట్టడం ఒక్కటీ లేదు గనక ఊళ్ళో అడ్రసులు కూడా రాళ్ళ గుర్తుతోనే చెప్పుకుంటారు. పార్కు రాయి పక్కసందు అంటే చాలు, ఆటోవాడు తిన్నగా తీసుకెళ్ళి దింపుతాడు.

బస్టాండు వెనక ఉన్నది మహిళల మరుగుదొడ్ల రాయి. ఏడో వార్డు కౌన్సిలరు సుభాషిణి రాజకీయ జీవితం ఆ రాయి దగ్గరే మొదలైంది. కౌన్సిలరు కాకముందు ఆవిడ దాని పక్కనే అరటిపళ్ళు అమ్మేది. పొద్దున గెలలు దించుకున్నది మొదలు పొద్దుగూకేదాకా నీళ్ళు తాగకుండా ఎలా కూర్చోవాలో అక్కడ పూలూ పళ్ళూ చేపలూ అమ్ముకునే ఆడవాళ్ళందరికీ తెలుసు. మసక చీకటి పడగానే ఒకరి తర్వాత ఒకరు ఆ రాతిగోడ చాటుకు వెళ్ళేవారు. ఒకరు వెళితే ఒకరు కాపలా ఉండేవారు, మిగతావాళ్ళు మొహాలు అటు తిప్పుకునేవారు. ఆ రాయివల్ల ఊరికి జరిగిన మేలు అదొక్కటే. మరుగుదొడ్లు కట్టించకపోతే మళ్ళీ ఓటడగడానికి రానని సుభాషిణి బస్టాండులో అందరిముందూ మాటిచ్చి గెలిచింది. గెలిచిన దగ్గర్నుంచి ప్రతి సమావేశంలోనూ ఆ సంగతే ఎత్తుతోంది. మొదట్లో అధికారులు మీవారు రాలేదా అమ్మా అని అడిగేవారు. ఆ మీవారు లారీ డ్రైవరని, నాగపూరులో ఉన్నారని తెలిశాక విషయం పరిశీలనలో ఉందని చెప్పడం మొదలుపెట్టారు.

ఇదిలా ఉండగా హైదరాబాదులో ఒక కంపెనీ జాంబీల వీడియో గేము తయారుచేసింది. చచ్చినవాళ్ళు సమాధుల్లోంచి లేచొచ్చి మీద పడుతుంటారు, ఆడేవాడు ఆఖరి బస్సు వచ్చేదాకా ప్రాణాలు కాపాడుకోవాలి. గేము పేరు కూడా 'ఆఖరి బస్సు'. అందులోకి చిన్న ఊరి బస్టాండు ఒకటి కావాల్సొచ్చి, బొమ్మలు గీసే షిల్లాంగు అతన్ని ఒకణ్ణి బూరుగుపేట పంపించారు. అతనికి తెలుగు రాదు. నల్లరాతి పలక, దానిమీద పేరు, తేదీ, ఎండిపోయిన పూలదండ చూశాడు. వాళ్ళ ఊళ్ళో అలాంటి రాయి కింద మనుషులుంటారు. ఇక్కడ ఏమీ ఉండదని అతనికి ఎవరూ చెప్పలేదు. ఈ ఊళ్ళో ఎక్కడ పడితే అక్కడ పూడ్చేస్తారేమిటని ఆశ్చర్యపోయి, ఉన్నవన్నీ శ్రద్ధగా గీసుకుని వెళ్ళిపోయాడు. గేములో రాయికొక జాంబీ లేచేటట్టు ఏర్పాటైంది.

గేము ఆడేవాళ్ళకు బూరుగుపేట మ్యాపు తెగ నచ్చింది. సొంత ఊళ్ళో సందులు తెలియని కుర్రాళ్ళకు కూడా బూరుగుపేటలో ఏ స్తంభం ఎటు వంగి ఉంటుందో కంఠతా వచ్చింది. కొన్నేళ్ళు పోయాక అభిమానులంతా పాత మ్యాపే మళ్ళీ కావాలని పట్టుబట్టారు, కంపెనీ 'మళ్ళీ బూరుగుపేట' పేరుతో అప్‌డేట్ తెస్తానంది. షిల్లాంగు అతను మళ్ళీ వచ్చాడు. ఇన్నేళ్ళలో ఊరు మారిపోయి ఉంటుందని, సమాధులమీద ఇళ్ళు లేచి ఉంటాయని కంపెనీ అనుకుంది. కట్టడం లేచిన చోట జాంబీ లేవకూడదని గేములో ఒక నియమం కూడా ముందే పెట్టుకుంది. అతను ఊరంతా తిరిగాడు. పాతవాటిలో ఒక్కటి కూడా కప్పబడలేదు. కొత్తవి మాత్రం మూడింతలు వెలిశాయి. ఏదో పెద్ద రోగం వచ్చి పోయినట్టుందని జాలిపడి వాటినీ గీసుకున్నాడు.

అప్‌డేట్ వచ్చిన వారానికి ఆడేవాళ్ళు గగ్గోలు పెట్టారు. ఏ మూల దాక్కున్నా పక్కనే ఒక రాయి, రాయి కింద ఒక జాంబీ. బస్సు వచ్చేదాకా బతికినవాడు ఒక్కడూ లేడు. బూరుగుపేటలో బతకడం అసాధ్యమని ఒక దినపత్రిక శీర్షిక పెట్టింది. కింద వార్త చదివే అలవాటు లేని చైర్మన్ భుజంగరావు శీర్షిక చదివి, అత్యవసర సమావేశం పిలిచారు.

సమావేశంలో అసలు సంగతి వివరించినవాడు అసిస్టెంట్ ఇంజనీరు ఫణికుమార్. ఊళ్ళో కట్టే పనులేవీ లేవు గనక ఇంజనీరుకు తీరిక దొరికేది, ఆ తీరికలో అతను ఈ గేములో ఆరితేరాడు. సెల్‌ఫోను గోడమీద టీవీకి తగిలించి బూరుగుపేట చూపించాడు. గ్రంథాలయం రాయి వణికింది, పలక పక్కకి ఒరిగింది, పళ్ళు బయటపెట్టుకుని ఒక జాంబీ లేచింది. పలకమీద భుజంగరావు పేరు బంగారు అక్షరాల్లో తళతళలాడుతోంది. చైర్మన్ తన పేరున్న రాళ్ళు ఎన్నని అడిగారు. దాదాపు అన్నీ మీవేనండి అన్నాడు ఫణికుమార్.

"అంటే నన్ను నిక్షేపంగా బతికుండగానే ఊళ్ళో ప్రతి వీధిలోనూ పాతిపెట్టారన్నమాట," అన్నారు చైర్మన్.

సుభాషిణి వినడంలేదు. టీవీలో బస్టాండు వచ్చింది. మసక వెలుతురు, మరుగుదొడ్ల రాయి. ఆ రాయి దగ్గర పలక ఒరగలేదు, పళ్ళు బయటపడలేదు. గోడ వెనకనుంచి మెల్లిగా ఒక ఆడతల పైకి లేచింది. అటూ ఇటూ చూసింది. పైట సర్దుకుంది. అది పక్కకి జరగ్గానే ఇంకో తల లేచింది. సుభాషిణికి మొదట నవ్వొచ్చింది. ఆ వెంటనే ఒళ్ళంతా సిగ్గు కమ్ముకుంది. షిల్లాంగు అతను అక్కడ దేన్నీ కల్పించలేదు. సాయంత్రం వేళ వచ్చాడు, చూసింది చూసినట్టు గీశాడు. ఆ లేచే తలల్లో తన తల కూడా ఉండే ఉంటుంది. దేశంలో ఎక్కడెక్కడి వాళ్ళో బస్సు కోసం కాచుకుని, తమని చూసి హడలిపోయి కాలుస్తున్నారు. సిగ్గు పోయి ఆవిడకు కోపం వచ్చింది. కట్టడం లేస్తే జాంబీ లేవదన్న నియమం ఉంది కదా, మరుగుదొడ్లు కట్టేస్తే సరిపోతుంది కదా అని గట్టిగానే అడిగింది.

కమిషనర్ సదానందం గొంతు సవరించుకున్నారు. ఆయన ఎప్పుడూ తన మాటలే ఎదురుగా కాగితంమీద ఉన్నట్టు మాట్లాడతారు. "గౌరవ సభ్యురాలి సూచన స్వాగతించదగినది. అయితే కట్టడం అనేది దీర్ఘకాలిక పరిష్కారం. ప్రస్తుతం మన ముందున్నది తక్షణ సమస్య. కావున తక్షణ చర్యలపై దృష్టి సారిద్దాం," అన్నారు.

తక్షణ చర్యలు మర్నాడే మొదలయ్యాయి. ఫణికుమార్‌ను జాంబీల వ్యవహారాలకు నోడల్ అధికారిగా నియమించారు. నిన్నటిదాకా బల్లకింద దాచుకుని ఆడిన ఆట ఈరోజు విధి నిర్వహణ అయ్యేసరికి అతనికి దానిమీద ఆసక్తి సగం చచ్చిపోయింది. జాంబీ నిర్మూలన వారోత్సవాలు ప్రకటించారు. బడిపిల్లల చేత ఊరేగింపు తీయించి, నా వీధిలో జాంబీని లేవనివ్వనని కుడిచెయ్యి చాపించి ప్రతిజ్ఞ చేయించారు. పారిశుధ్య సిబ్బందికి చీపుళ్ళు పక్కన పెట్టించి సెల్‌ఫోన్లిచ్చి, వార్డుల వారీగా జాంబీలను కాల్చమన్నారు. వాళ్ళు తెల్లవార్లూ కాల్చారు. ముందే చచ్చినవి గనక అవి మళ్ళీ లేచాయి. వీధుల్లో చెత్త మాత్రం లేచే అవసరం లేకుండా ఉన్నచోటే పెరిగింది.

అన్నిటికన్నా విచిత్రం, ఈ సందడి పై ఆఫీసుకు నచ్చింది. కొత్త ఆలోచన కోసం మొహం వాచి ఉన్నారేమో, జిల్లాలో తొలి 'జాంబీ రహిత పట్టణం'గా బూరుగుపేటను ప్రకటించే అవకాశాన్ని పరిశీలిస్తామని కబురు పంపారు. తనిఖీకి ఎవరూ రానక్కర్లేదట. పై అధికారి తన గదిలో కూర్చుని గేములో ఊరంతా తిరిగి చూస్తారట. ఆ మాట వినగానే కమిషనర్ మొహం వెలిగిపోయింది. తనిఖీ గేములో జరిగేటప్పుడు కట్టడం మాత్రం బయటెందుకని ఆయనకు తోచింది.

ఇలా బూరుగుపేటలో డిజిటల్ నిర్మాణాలు ప్రారంభమయ్యాయి. ఫలానా చోట్ల కట్టడాలు మంజూరై ఉన్నాయి గనక మ్యాపులో చూపించవలసిందిగా కంపెనీని కోరారు. కంపెనీకి కూడా జాంబీలు తగ్గాలి, ఆడేవాళ్ళు బతకాలి. సంతోషంగా ఒప్పుకుని షిల్లాంగు అతనికి చెబితే అతను ముచ్చటగా గీశాడు. గ్రంథాలయానికి పెద్ద కిటికీలు పెట్టాడు. పార్కులో పిల్లలకు జారుడుబల్ల వేశాడు. బస్టాండు వెనక మహిళల మరుగుదొడ్లకు నీలం తలుపులు, లోపల గడియలు, కుళాయిలు, పైన లైట్లు. తలుపు తీస్తే లైటు వెలిగేది, కుళాయి తిప్పితే నీళ్ళొచ్చేవి. ఊరంతటిలోనూ అంత మంచి కట్టడం ఏదీ లేదు.

ప్రారంభోత్సవం సమావేశ మందిరంలో జరిగింది. టీవీకి అడ్డంగా రిబ్బను కట్టారు. చైర్మన్ పళ్ళెంలోంచి కత్తెర తీసుకుని రిబ్బను కత్తిరించారు, అందరూ చప్పట్లు కొట్టారు, కొబ్బరికాయ మాత్రం టీవీ ముందు కొట్టకూడదని బయట మెట్లమీద కొట్టారు. టీవీలో మరుగుదొడ్ల తలుపు తెరుచుకుంది. రాయి వెనకనుంచి ఎవరూ లేవలేదు. చప్పట్లు కొట్టనిది సుభాషిణి ఒక్కతే. చీకటి పడ్డాక బస్టాండులో ఆడవాళ్ళు ఎక్కడికి వెళ్ళాలని అడిగింది.

"సౌకర్యం అందుబాటులోకి వచ్చిందమ్మా," అన్నారు కమిషనర్. "వినియోగించుకోవడంలోనే ప్రజల్లో అవగాహన కొరవడింది. త్వరలో అవగాహన సదస్సు నిర్వహిస్తాం."

అంతటితో ఆగితే బాగుండేది. కట్టడాలు పూర్తయ్యాయి గనక ఇక శంకుస్థాపన రాళ్ళు అనవసరమని, వాటిని చూసి షిల్లాంగు అతను మళ్ళీ పొరబడే ప్రమాదముందని ఎవరికో అనుమానం వచ్చింది. రాళ్ళన్నీ పీకించి ఒకచోట చేర్చాలని తీర్మానమైంది. ఆ ఒకచోటు పేరు శంకుస్థాపన రాళ్ళ ప్రదర్శనశాల. దానికి శంకుస్థాపన మాత్రం వెంటనే జరిగిపోయింది.

మునిసిపల్ ట్రాక్టరు బస్టాండు రాయి దగ్గరికి వచ్చేసరికి సంత మంచి జోరుమీద ఉంది. చేపలమ్మే నూకరత్నం, సుభాషిణి అరటిపళ్ళమ్మే రోజుల్లో ఆవిడకు కాపలా ఉండే మనిషి, తట్ట దించి ట్రాక్టరుకు అడ్డంగా కూర్చుంది. ఆవిడ వెనక పూలవాళ్ళు, పళ్ళవాళ్ళు, బస్సు కోసం వచ్చిన ఆడవాళ్ళు ఇద్దరు ముగ్గురు కూడా కూర్చున్నారు. కబురు తెలిసి సుభాషిణి పరుగున వచ్చింది.

"గది ఎలాగూ కట్టలేదు. ఉన్న గోడ కూడా పట్టుకుపోతారేంటే అమ్మాయ్?" అంది నూకరత్నం. "నువ్వు లోపల కుర్చీలో కూర్చుని ఏం చేస్తన్నావో మాకు తెలీదు. ఇంతకుముందు మాతోపాటే ఇక్కడుండేదానివి."

ఆ మాట సుభాషిణికి గుండెల్లో గుచ్చుకుంది. తను సభల్లో అడుగుతూనే ఉంది, పోట్లాడుతూనే ఉంది. కానీ కౌన్సిలరయ్యాక ఆవిడ ఆ గోడ చాటుకు వెళ్ళడం మానేసింది. ఇల్లు దగ్గరే, స్కూటరుంది. వెళ్ళి నూకరత్నం పక్కనే నేలమీద కూర్చుంది. డ్రైవరు కాసేపు హారను కొట్టి, కమిషనరుకు ఫోను చేసి, ట్రాక్టరు వెనక్కి తిప్పుకుపోయాడు. జాంబీల నిర్మూలనను ఏడో వార్డు సభ్యురాలు అడ్డుకుంటున్నారని సాయంత్రానికి పత్రికా ప్రకటన వచ్చింది.

సోమవారం అర్జీల రోజు. కమిషనర్ గదిలోకి ఎవరైనా రావచ్చు. పొద్దున్నే సుభాషిణి వచ్చింది. వెనక నూకరత్నం, ఆవిడ వెనక బస్టాండు ఆడవాళ్ళంతా, ఒక్కొక్కరి చేతిలో నీళ్ళ చెంబు. అర్జీ ఏమిటని కమిషనర్ అడిగారు. అర్జీ ఏమీ లేదని, సౌకర్యం వినియోగించుకోవడానికి వచ్చామని సుభాషిణి చెప్పింది. మరుగుదొడ్లు టీవీలో ఉన్నాయి, టీవీ ఈ ఆఫీసులో ఉంది, అవగాహన సదస్సు ఎలాగూ జరపలేదు గనక తలుపెటో చూపిస్తే చాలంది.

ఫణికుమార్ పాపం సమావేశ మందిరంలోని టీవీ తెచ్చి అక్కడే పెట్టాడు. నీలం తలుపు కనపడింది. నూకరత్నం దగ్గరికెళ్ళి వేలితో తట్టింది. గాజు టకటకలాడింది. ఆవిడ ఏడుపు మొహం పెట్టి, ఎంతసేపు ఆపుకోవాలి బాబూ, గడియెవరు తీస్తారని అతన్ని అడిగింది. తను గీసింది కాదని అతను అన్నాడు. గదిలో నవ్వని మనిషి కమిషనర్ ఒక్కరే. ఆ నవ్వుల్లోనే సుభాషిణి కమిషనర్ కుర్చీ వెనకున్న ఇంకో తలుపు చూసింది. ఆఫీసు మొత్తానికి గడియ పడే బాత్‌రూము అదొక్కటే.

"టీవీలోది తెరుచుకునేదాకా దీన్ని వాడుకుంటాం సార్," అంది సుభాషిణి. "మీరు పని చేసుకోండి. మా వాళ్ళు చప్పుడు చెయ్యరు."

కాదనడానికి కమిషనరుకు నియమమేదీ దొరకలేదు. ఆరోజు నుంచి ఆయన గదిలో పొద్దున్నుంచి సాయంత్రందాకా వరస. చేపల వాసన, మల్లెల వాసన కలిసి ఫైళ్ళకు పట్టాయి. ముందు వెళ్ళినవాళ్ళు బయటికి రాగానే తర్వాతివాళ్ళు లోపలికి. కడుపుతో ఉన్న పూలమ్మాయిని అందరూ ముందు పంపేవారు, కాళ్ళనొప్పుల ముసలావిడను ఆ తర్వాత. తన బాత్‌రూము కోసం ఆ వరసలో నిలబడడానికి కమిషనరుకు మొహం చెల్లలేదు. అసలే షుగరున్న మనిషి. చైర్మన్‌కు ఇల్లు ఊళ్ళోనే, కారెక్కి పోయి వచ్చేస్తారు. కమిషనరు మాత్రం రోజూ జిల్లా కేంద్రం నుంచి వచ్చిపోయేవారు. ఆయన టీ మానేశారు, తర్వాత నీళ్ళు తగ్గించారు, ఆ తర్వాత కుర్చీలో కాలుమీద కాలు వేసుకుని కూర్చోవడం మొదలుపెట్టారు.

వారం తిరక్కుండానే ఆఫీసు జీపు రిపేరుకొచ్చి ఆయన బస్సుకోసం బస్టాండుకు వచ్చారు. ఆఖరి బస్సు. అది వస్తుందన్న వేళ దాటిపోయింది. పెట్రోలు బంకులో గదికి తాళం, తాళంచెవి యజమాని దగ్గర, యజమాని తిరుపతిలో. హోటలాయన లోపల పైపు పగిలిందన్నాడు. ఆ పైపు గురించి మునిసిపాలిటీకి ఎన్నోసార్లు చెప్పానని కూడా అన్నాడు. బస్టాండులో ఆవేళ గేము అభిమానులు నలుగురైదుగురు వీపుసంచులతో దిగి, అసలు రాయి ఇదేనంటూ కెమెరాలు సర్దుకుంటున్నారు. సదానందంగారు అటూ ఇటూ చూశారు. నడిచారు, ఆగారు, మళ్ళీ నడిచారు. చివరికి ఇంక నిలవలేక గోడ చాటుకు వెళ్ళిపోయారు.

ముందు చూసింది నూకరత్నం. ఇంటికి పోతూ ఆవిడతో మాట్లాడడానికి ఆగిన సుభాషిణి కూడా చూసింది. అటు కెమెరాలు ఉన్నాయి. అటువైపు వేలు చూపిస్తే చాలు, తెల్లారేసరికి రాష్ట్రమంతా నవ్వుకునేది. సుభాషిణికి ఒక్క క్షణం చెయ్యి లేచింది కూడా. లేచిన చెయ్యి పైట సర్దుకోవడానికే అన్నట్టు దించేసింది. టీవీలో లేచిన తలలు ఆవిడకింకా కళ్ళముందే ఉన్నాయి. ఎవరికీ అలా కాకూడదనే కదా ఇన్నాళ్ళూ పోట్లాడింది.

"అటు తిరగండే," అంది నూకరత్నం తక్కినవాళ్ళతో, రోజూ అనే గొంతుతోనే. "సారున్నారు."

ఆడవాళ్ళంతా మొహాలు తిప్పుకుని, గోడకు వీపులు పెట్టి వరసగా నిలబడ్డారు. కెమెరాలవాళ్ళు అడ్డు తప్పుకోమంటే నూకరత్నం రొయ్యలేమైనా కావాలా అని అడిగింది. కాసేపటికి రాయి వెనకనుంచి మెల్లిగా ఒక బట్టతల పైకి లేచింది. అటూ ఇటూ చూసింది. అందరి వీపులూ కనపడేసరికి ఆగిపోయింది. కమిషనరు తల దించుకుని గోడ ఇవతలికి వచ్చారు. సుభాషిణి వెనక్కి తిరక్కుండానే చెంబు అందించి, చేతులు కడుక్కోండి సార్ అంది.

మర్నాడు ఆయన ఎప్పటికన్నా ముందే ఆఫీసుకొచ్చారట. ఫణికుమార్‌ను పిలిచి, నీకు కట్టడం వచ్చా అని అడిగారట. చదువుకున్నానండి అన్నాడట అతను. దీర్ఘకాలిక పరిష్కారమంటూ మూలపడి ఉన్న పని వాన పడేలోపు గోడలకొచ్చింది, దసరా నాటికి తలుపులకొచ్చింది. తలుపులకు నీలం రంగే వేయాలని ఫణికుమార్ పట్టుబట్టాడు. జాంబీ రహిత పట్టణం బిరుదు మాత్రం పక్క ఊరికి వెళ్ళిపోయింది. వాళ్ళు రాళ్ళ మీద గోనెపట్టాలు కప్పారు.

ప్రారంభోత్సవానికి చైర్మన్ కొత్త పలక చెక్కించబోతే సుభాషిణి వద్దంది. ఉన్న రాయి ఉంది కదా, అదే వాడుకుందామంది. మేస్త్రి దాన్ని గోడనుంచి ఊడదీసి, అక్షరాలు కిందికి పెట్టి, గుమ్మం ముందు మెట్టుగా పరిచాడు. నునుపు వైపు కింద, గరుకు వైపు పైన గనక తడికాళ్ళతో ఎక్కినా జారదు. మొట్టమొదట దానిమీద కాలుపెట్టి లోపలికెళ్ళింది నూకరత్నం. గడియ వేసుకుంది. బయట కాపలా ఉండడానికి అలవాటుగా నిలబడ్డ సుభాషిణి, ఇక అక్కర్లేదని గుర్తొచ్చి నవ్వుకుని, నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంది.

గేములో తర్వాతి అప్‌డేట్‌కు అభిమానుల వీడియోల ఆధారంగా కొత్త జాంబీ ఒకటి చేరింది. వీడియోల్లో వీపుల సందునుంచి కనపడింది బట్టతల ఒక్కటే గనక మిగతాదంతా షిల్లాంగు అతను ఊహించి గీశాడు. దాన్ని చంపడం చాలా కష్టమని, తూటా తగిలినప్పుడల్లా అది దాన్ని కింది జాంబీకి పంపించేస్తుందని ఆడేవాళ్ళు చెప్పుకుంటారు. దానిమీద కమిషనరు ఏ అభ్యంతరమూ చెప్పలేదు. ఊళ్ళో నిజంగా లేని కట్టడాలను కంపెనీ తీసేసింది గనక, బస్టాండు వెనక నీలం తలుపుల గది ఒక్కటే ఆ మ్యాపులో ఏ జాంబీ లేవని చోటు. తెలివైనవాళ్ళు అందులో దూరి గడియ వేసుకుని ఆఖరి బస్సు కోసం చూస్తారు. బస్సు మాత్రం గేములోనూ ఆలస్యమే.